ఫోర్ట్ స్టికీన్: ఒక సరుకు ఓడ కథ
(ఉగాది సభలో చేసిన ప్రసంగ పాఠం)



పండుగనాడు శుభం పలకాలిగాని పేలిపోయిన ఓడ సంగతి చెప్పడమేమిటని కొందరు పెద్దలు మమ్మల్ని అడిగారు. ఉగాది పచ్చడిలో వేపపువ్వు మానేయమని ఎవరూ అనరు గదా! పైగా ఆ ఓడ మనం కాపురముంటున్న ఈ ముంబయిలోనే, నాటి బొంబాయిలోనే, తన ప్రయాణం ముగించుకొన్నది. అదీ ఒక ఉగాది వెళ్లిన ఇరవై రోజులకు. 1944 మార్చి 25న తారణ నామ సంవత్సరం ప్రవేశించింది. తారణ మంటే దాటించడం. ఏప్రిల్ 14న సముద్రాలు దాటివచ్చిన ఓడ ఒకటి ఒడ్డు చేరిన తరువాత నగరాన్ని నిప్పులో ముంచింది.

ముందు ఆ ఓడ పుట్టుక చెప్పుకొందాము. రెండవ ప్రపంచయుద్ధంలో జర్మనీ జలాంతర్గాములు బ్రిటనుకు పోయే సరుకు ఓడలను వరసగా ముంచుతుండేవి. మునిగేవాటికంటె వేగంగా కొత్తవి కడితేనేగాని యుద్ధం సాగదు. అందుకని ఒకే నమూనాలో, పదివేల టన్నుల బరువు మోయగల ఓడలను కెనడాలో వరసబెట్టి కట్టారు. అందులో పాత కోటల పేర్లు పెట్టినవాటిని ఫోర్ట్ ఓడలన్నారు. అవి అందానికి కట్టినవి కావు, వేగానికీ కావు. బొగ్గు కాల్చుకొంటూ గంటకు పదకొండు నాట్లు నడిచే బరువుమోత బండ్లు.

వాటిలో ఒకటి ఫోర్ట్ స్టికీన్. కెనడా పడమటి తీరాన ప్రిన్స్ రూపర్ట్ రేవులో 1942లో తయారైంది. హడ్సన్స్ బే కంపెనీ వారు పూర్వం తోళ్ల వ్యాపారానికి పెట్టుకొన్న ఒక కోట పేరే దీనికి పెట్టారు. అమెరికా ప్రభుత్వం కొని, లెండ్ లీజు ఏర్పాటు కింద బ్రిటనుకు ఇచ్చింది. దాని పరిమాణం 7,142 గ్రాస్ టన్నులు. ఆయుష్షు రెండేళ్లకు కాస్త అటూ ఇటూ.

1944 ఫిబ్రవరి 24న ఇంగ్లండులోని బర్కెన్‌హెడ్ రేవు నుంచి అది ఆఖరి ప్రయాణం సాగించింది. జిబ్రాల్టరు, పోర్ట్ సయ్యద్ మీదుగా కరాచీ చేరింది. అందులో దాదాపు 1,400 టన్నుల పేలుడు సామగ్రి ఉన్నది. గుండ్లు, మైన్లు, టార్పెడోలు అన్నీ అందులోనివే. పెట్టెలలో బిగించిన యుద్ధవిమానాలూ, వాటికి తోడు అప్పటి లెక్కలో తొమ్మిది లక్షల పౌన్లకు దగ్గరైన బంగారు కడ్డీలూ ఉన్నవి.

కరాచీలో కొంత సరుకు దిగింది. ఖాళీ అయిన చోట పత్తి బేళ్లు, నూనె పీపాలు, కలప, పాత ఇనుము ఎక్కించారు. యుద్ధం రోజుల్లో ఓడలో జానెడు చోటు వట్టిగా పోగూడదు. రెండవ నంబరు గదిలో అడుగున పత్తి, దాని పైఅంతస్తులో పేలుడు సామగ్రి అమరింది. పొయ్యి మీద అటకకట్టి టపాకాయలు దాచినట్లయింది.

ఏప్రిల్ 12న ఓడ బొంబాయి విక్టోరియా డాక్‌లో ఒకటవ నంబరు బెర్తు చేరింది. ప్రమాదకరమైన సరుకున్నదని తెలిపే ఎర్రజెండా ఎగరలేదు. రెండు రోజులైనా పేలుడు సామగ్రి ఓడలోనే ఉన్నది.

ఏప్రిల్ 14, శుక్రవారం. మధ్యాహ్నం భోజనాల వేళ పక్క ఓడల మీదివారు కొందరికి ఆ ఓడ గాలిగొట్టం నుంచి సన్నగా పొగ కనిపించింది. చూశారు, ఊరుకొన్నారు. ఆ ఓడలో మనుషులున్నారు గదా, వారు చూసుకొంటారనుకొన్నారు కాబోలు. భోజనం ముగించుకొని వచ్చిన కూలీలు గదిలో పొగ చూసి కేకలు వేసిన తరువాతగాని పంపులు కదలలేదు. ప్రమాదం పెద్దదని తెలిపే ప్రత్యేక సంకేతం టెలిఫోనులో పంపవలసి ఉండగా, లైను అందక మామూలు అగ్నిసూచన పెట్టె అద్దం పగలగొట్టారు. దానికి తగినట్లు మొదట రెండు ఇంజన్లే వచ్చినవి.

తరువాత మరెన్నో వచ్చినవి. దట్టమైన పొగలో నిప్పు ఎక్కడున్నదో తెలియలేదు. తొమ్మిది వందల టన్నుల నీరు పోశారు. గది నిండుతున్నకొద్దీ అంటుకొన్న బేళ్లు తేలి పైఅంతస్తుకు, అంటే పేలుడు సామగ్రికి, దగ్గరవుతూ వచ్చినవి. ఓడ పక్క రేకు కాగి రంగు పొక్కులెత్తింది.

ఆ రెండు గంటలలో ఓడ మీద జరిగిన చర్చే ఈ కథలో మనం నిలిచి చూడవలసిన భాగం. సైన్యపు మందుగుండు అధికారి, ఓడను ఇక్కడే ముంచేయమన్నాడు. డాక్ మేనేజరు, సముద్రంలోకి లాగించమన్నాడు. ఫైర్ బ్రిగేడ్ అధిపతి, నీళ్లు పోస్తూ ఉండటమే మేలన్నాడు. కెప్టెన్ నెయిస్మిత్ ఎటూ తేల్చుకోలేకపోయాడు. అందరూ పని తెలిసినవారే. కాని "ఈ ఆజ్ఞ నాది, మంచిచెడ్డలు నావి" అనే గొంతు ఆ రేవులో లేకపోయింది. 3 గంటల 50 నిమిషాలకు ఓడ విడిచిపెట్టండని కేక పడింది. 4 గంటల 6 నిమిషాలకు ఓడ రెండు ముక్కలైంది. అరగంట తిరగకముందే రెండవ పేలుడు. కొలాబా పరిశోధనశాలలోని భూకంప యంత్రం ఆ అదురును గీసిపెట్టింది.

ఆ దెబ్బకు పది ఓడలకు పైగా నాశనమైనవి. మన విశాఖపట్నంలో ఓడల కర్మాగారానికి అంకురార్పణ చేసిన సింధియా కంపెనీ వారి 'జలపద్మ' వెనుకభాగం లేచి రేవు గోదాము కప్పు మీద పడింది. మండే పత్తి, కాలిన ఇనుము గుడిసెల మీద కురిసినవి. ఒక బంగారు కడ్డీ మైలు దూరాన ఒక పార్శీ పెద్దమనిషి ఇంటి కప్పు చీల్చుకొని దిగింది. ఆయన దానిని ప్రభుత్వానికి అప్పగించాడు. జపానువారు బాంబులు వేశారనుకొన్నారు చాలామంది. రెండేళ్లకు ముందే, 1942 ఏప్రిల్ 6న, విశాఖ, కాకినాడల మీద జపాను బాంబులు పడి ఉన్నవి గదా!

ఫైర్ బ్రిగేడ్‌లో 66 మంది బలియైనారు. కెప్టెనూ పోయాడు. మొత్తం మృతులను కొందరు ఏడువందల చిల్లర అంటే, మరికొందరు పదమూడు వందల దాకా చెబుతారు. ఎనభై వేలమందికి నిలువనీడ లేకపోయింది. బెంగాలు కరువు కళ్లముందు మెదులుతున్న రోజుల్లో ఏభై వేల టన్నులకు పైగా ధాన్యం బూడిదైంది. శిథిలాలు తీసి డాకులు మళ్లీ నడపడానికి ఎనిమిది వేలమంది ఏడు నెలలు పాటుపడ్డారు.

తరువాత విచారణ సంఘం కూర్చున్నది. శత్రువు చేయి కనిపించలేదు. నిప్పు పత్తిలోనే పుట్టి ఉంటుందన్నారు. మందుగుండు కింద పత్తి పెట్టడం, ఎర్రజెండా ఎత్తకపోవడం, సరుకు దింపడంలో జాగు, నిప్పును ఆవిరితో అణచే సాధనాన్ని వాడకపోవడం, అగ్నిమాపక దళానికి ఆలస్యంగా కబురంపడం, ఇవీ ఎంచిన తప్పులు. విడివిడిగా చూస్తే ఏ ఒక్కటీ ఒక నగరాన్ని కాల్చేటంత పెద్దది కాదు.

సోదరులారా, మనం వలస వచ్చినవారం. కట్టడాల పనికి వచ్చిన కామాటీల పేరు మీద ఈ నగరంలో కామాఠీపుర వెలసింది. మగ్గం విడిచి మిల్లు చేరిన పద్మశాలీల పిల్లలు, మనవలు ఈ సభలోనే ఉన్నారు. ఎన్ని తరాలు గడిచినా మన నోట ఒక మాట మిగిలిపోయింది: "మనకెందుకు, ఇది మన ఊరు కాదు గదా!" మెట్ల కింద కరెంటు తీగ మాడుతుంటే, మిల్లులో యంత్రం వింతగా చప్పుడు చేస్తుంటే, మేస్త్రీ చూసుకొంటాడు, ఇంటివాడు చూసుకొంటాడు అనుకొంటాము. ఆనాడు పక్క ఓడల మీదివారికి కూడా ఆ ఓడ తమది కాదు. కాని నిప్పు లేచిన తరువాత ఏ ఓడ ఎవరిదని అది అడగలేదు.

ఏప్రిల్ 14ను దేశమంతటా అగ్నిమాపక దినంగా జరుపుతున్నారు. ఆ తేదీ ఉగాది వెనువెంటనో, కొద్దిరోజులకో వస్తుంటుంది. పంచాంగ శ్రవణంతో పాటు ఈ ఒక్క మాట కూడా ఇంటికి తీసుకొనిపోండని మా మనవి. పొగ కనిపిస్తే కేక వేయండి. భాష సరిగా రాదని జంకకండి. మరాఠీలోనో, హిందీలోనో, ఏదీ తోచకపోతే తెలుగులోనే వేయండి. "నిప్పు" అన్న కేక ఏ భాషలో వేసినా జనం తిరిగిచూస్తారు.

కొత్త సంవత్సరం మన ఇళ్లనూ, మనకు ఇల్లయిన ఈ నగరాన్నీ చల్లగా దాటించుగాక. సెలవు.