అర్చన ‘దాసి’లో మన చరిత్ర



2013లో వచ్చిన ‘ట్వెల్వ్ ఇయర్స్ ఎ స్లేవ్’లో పత్తిచేను బానిసగా నటించిన లుపిటా న్యాంగోకు ఆస్కార్ వచ్చింది. అంతకు పాతికేళ్ల ముందే, 1988లో, బి. నర్సింగరావు ‘దాసి’ తీశారు. అందులో దాసి కమలాక్షిగా నటించింది అర్చన. అక్కడ ఒంటిరంగు చూసి బానిసను చేశారు, ఇక్కడ పుట్టుక చూసి. రెండు కథల్లోనూ ఆ ఆడమనిషి ఒళ్లు యజమాని సొత్తే. అతని భార్య కోపం మాత్రం మొగుణ్ని వదిలి ఆమె మీదనే పడుతుంది.

పెండ్లయి వచ్చే దొరసాని వెంట దాసీలను అరణంగా, అంటే పెండ్లి కానుకగా, పంపడం నిజాం కాలపు గడీల రివాజు. సినిమాలో కమలాక్షి పొద్దంతా చాకిరి చేస్తుంది, రాత్రి దొర పిలిస్తే పోతుంది. కడుపైతే తీయించుకొమ్మని దొరసాని హుకుం. ఆమె ఇష్టంతో ఎవరికీ పనిలేదు. మామూలు సినిమా అయితే ఇక్కడ పేజీడు డైలాగు పడేది, హాలంతా చప్పట్లు మోగేవి. అర్చనకు ఉన్న మాటలే తక్కువ. ఎదురు చెప్పడమన్నదే ఎరుగకుండా పెరిగిన మనిషి ఒక్కసారిగా ఉపన్యాసం ఇస్తే అది అబద్ధం. చేతికందిన చప్పట్లను చరిత్ర కోసం వదులుకోవడమే నటికి సామాజిక బాధ్యత అని నేనంటాను.

ఆ పాత్రకు వచ్చిన జాతీయ అవార్డు, తమిళ ‘వీడు’ తర్వాత ఆమెకు వరుసగా రెండోది. ‘దాసి’కి మొత్తం అయిదు అవార్డులు దక్కాయి. కళాదర్శకత్వానికి అందుకున్న తోట వైకుంఠం మన ఉమ్మడి కరీంనగర్ మనిషే, బూరుగుపల్లి ఆయనది. అన్ని అవార్డులు వచ్చాక కూడా అర్చన 1990లో ‘మట్టి మనుషులు’లో పట్నం వలసపోయిన కూలీగా కనిపించింది.

ఇదంతా ఎప్పటిదో ముచ్చట అనుకోవద్దు. వెట్టి బంద్ కావాలని 1978 సెప్టెంబర్ 7న జగిత్యాలలో కూలీలు, రైతులు వేల సంఖ్యలో కదిలారు. ‘దాసి’ వచ్చింది దానికి పదేళ్లకే. మన దిక్కు వెట్టి అప్పటికింకా పచ్చి పుండే.

తమ్ముళ్లూ, ఫోన్లలో షార్ట్ ఫిల్ములు తీస్తున్నరు, సంతోషం. గడీ కథ తీసేముందు మీ వాడలో వెట్టి చూసిన అవ్వ ఉంటే, పోయి దగ్గర కూర్చోండి. ఏ పని ఎట్లా చేసేదో, దొర ఎదురైతే ఎక్కడ నిలబడేదో అడగండి. డైలాగులు తర్వాత రాసుకోవచ్చు.