చేప తినొద్దన్నారు.. మరి ఏం తినాలి? | గ్రాసీ నారోస్ పాదరసం కథ

"రేపటి నుంచి అన్నం తినకండి, అందులో విషం ఉంది" అని గవర్నమెంట్ చెప్తే మనం ఏం చేస్తాం? కెనడాలో ఒక ఊరికి 1970లో దాదాపు ఇదే జరిగింది. అన్నం బదులు చేప, అంతే తేడా.

ఆ ఊరి పేరు గ్రాసీ నారోస్. ఒంటారియో రాష్ట్రంలో ఉంది. అక్కడ ఉండేది ఒజిబ్వే ఆదివాసులు. నదిలో దొరికే చేపే వాళ్లకి తిండి, అదే సంపాదన కూడా.

నదికి ఎగువన డ్రైడెన్ అనే టౌన్‌లో పేపర్ మిల్లు ఉండేది. కాగితం గుజ్జు తెల్లబడాలంటే క్లోరిన్ కావాలి. ఆ క్లోరిన్ తయారీలో పాదరసం వాడేవాళ్లు. 1962 నుంచి 1970 వరకు సుమారు 9,000 కిలోల పాదరసం నీళ్లలోకి వదిలేశారు.

అసలు ప్రమాదం ఇక్కడ మొదలైంది. నది అడుగున బురదలో ఉండే బ్యాక్టీరియా ఆ పాదరసాన్ని మిథైల్ మెర్క్యురీగా మార్చేస్తుంది. అది చిన్న చేపల్లోకి, వాటిని తినే పెద్ద చేపల్లోకి, చివరికి మనిషిలోకి వస్తుంది. ఒక్కో మెట్టు ఎక్కేకొద్దీ దాని మోతాదు పెరుగుతుంది. అది నరాల మీద దెబ్బ కొడుతుంది. చేతులు తిమ్మిరెక్కుతాయి, నడక తడబడుతుంది, చూపు కుంచించుకుపోతుంది. కడుపులో బిడ్డని కూడా వదలదు. జపాన్‌లో మినమాటా వ్యాధిని స్టడీ చేసిన డాక్టర్ హరాడా 1975లో ఇక్కడికొచ్చి చూస్తే, అవే లక్షణాలు కనిపించాయి.

1970లో చేపల వేట ఆపేశారు. విషం కలిపింది ఒకళ్లు, ఉపాధి పోయింది ఇంకొకళ్లకి.

ఇంజినీర్‌గా నాకు బాగా గుచ్చుకున్న పాయింట్ ఏంటంటే, డేటా లేక కాదు. 1970 నుంచి 1997 వరకు గవర్నమెంట్ వాళ్లే ఆ ఊరి జనం జుట్టు, రక్తం శాంపిల్స్ తీసుకున్నారు. ఆ రికార్డులతోనే 2020లో లాన్సెట్ ప్లానెటరీ హెల్త్‌లో ఒక స్టడీ వచ్చింది. ఒంట్లో పాదరసం ఎక్కువున్నవాళ్లు త్వరగా చనిపోయే రిస్క్ ఎక్కువని అది తేల్చింది. అప్పటికి ఎంతమంది వెళ్లిపోయారో కదా!

నది క్లీనింగ్‌కి 8.5 కోట్ల డాలర్లు ఇస్తామని ఒంటారియో 2017లో మాటిచ్చింది. అంటే పాదరసం వదలడం ఆపిన 47 ఏళ్లకి!

పైపు మూసేస్తే పొల్యూషన్ ఆగిపోయినట్టు కాదు ఫ్రెండ్స్. బురదలో ఉన్నంతకాలం అది ఎవరో ఒకరి కంచంలోకి వస్తూనే ఉంటుంది. అందుకే ఫ్యాక్టరీ వస్తుందంటే ఉద్యోగాలెన్ని అని ఒక్కటే కాదు, వ్యర్థం ఎటు పోతుందని కూడా అడగండి. మీ ఊళ్లో ఎవరైనా అడిగారా? కామెంట్స్‌లో చెప్పండి.