మిగిలిన రెండు రూపాయలు
(స్వర్ణోత్సవ సభలో చేసిన ప్రసంగం)

ఒక్క లెక్క చెప్పి కూర్చుంటాను.

తొమ్మిదో తరగతిలో మా లెక్కల మాస్టారు అడిగారు: “చేతిలో 50 రూపాయలున్నాయి. తిరుగు బస్సుకు 8 ఉంచుకోవాలి. నోటుపుస్తకం 5 రూపాయలు. ఎన్ని కొనగలవు?”

నేను బోర్డు మీద ‘5 × పుస్తకాలు + 8 = 50’ అని రాశాను. జవాబు 8.4 వచ్చింది.

“ఆ పాయింటు నాలుగు పుస్తకం ఏ కొట్లో ఇస్తార్రా?” అన్నారు. క్లాసంతా నవ్వింది. ఆయన సమానం గుర్తు చెరిపి ‘≤’ పెట్టారు. “50కి మించకూడదు గానీ, 50 అయిపోవాలని ఎవరన్నారు? ఎనిమిది కొను, రెండు రూపాయలు మిగుల్చు. ‘మించకూడదు’ అంటే ఈ గుర్తు. ‘కనీసం’ అంటే దీన్ని తిప్పి రాయి.”

ఆ వారమే అమ్మతో పోట్లాడాను, పోపుల డబ్బాలో డబ్బుండీ నాకు చొక్కా కొనలేదని. ఆ సాయంత్రం ఆవిడ లెక్క కాగితం మీద పెట్టాను: నాన్న జీతం − ఇంటిఖర్చు ≥ అక్క పరీక్ష ఫీజు. చొక్కా కలిపితే లెక్క నిలవలేదు. బడి మొహం చూడని అమ్మ నెలనెలా దాన్ని నిలబెట్టింది. అక్క పరీక్ష రాసింది.

ఇప్పుడు నేను బ్యాంకులో అప్పుల దరఖాస్తులు చూస్తాను. వాయిదా కట్టాక ఇంటికి కనీసం ఎంత మిగులుతుందని ముందు అడుగుతాను.

నా గుర్తు దిద్దిన మాస్టారికి పాదాభివందనం. సెలవు.