సంక్షోభములు – సంగీతనాటకములు
(రజతోత్సవ సభలో చదివిన ప్రసంగపాఠము)



దిల్‌సుఖ్‌నగర్, లాల్ బహదూర్ నగర్‌ల మీదుగా తూర్పునకు సాగు రహదారి నల్లగొండ, సూర్యాపేట సీమల మార్గమున విజయవాడకు పోవును. ఆ సీమలలో 1946 మొదలు 1951 వరకు రైతాంగ పోరాటము సాగెను. భూమి కొరకు పుట్టిన ఆ పోరాటము పాట రూపమును సైతము మార్చినది.

సంక్షోభకాలమున రంగస్థలము నిశ్చలముగా నుండజాలదు. జర్మనుల సంగీతనాటక చరిత్రయే ఇందుకు నిదర్శనము. భార్య మారువేషమున పోయి భర్తను చెరనుండి విడిపించు బీథోవెన్ 'ఫిడేలియో' కథ ఫ్రెంచి విప్లవకాలపు నాటకమునుండి గైకొన్నది. 1805లో వియన్నాలో అది తొలిసారి ప్రదర్శింపబడునాటికి ఆ నగరము నెపోలియన్ సేనల వశములో నుండెను. 1849లో డ్రెస్డెన్ తిరుగుబాటులో పాల్గొన్న వాగ్నర్ దేశము విడిచి పారిపోవలసివచ్చెను. అధికారదాహము, ధనదాహము ఇతివృత్తముగా అతడు రచించిన నాటకచతుష్టయము 1876లో గాని సమగ్రముగ రంగమెక్కలేదు.

తెలుగుదేశమున జరిగినది మరొక విధము. ఇచ్చట హార్మోనియము శ్రుతిపై రాయబార పద్యములు పాడు పౌరాణిక నాటకములకు గొప్ప ఆదరము. 1943లో ఏర్పడిన ప్రజానాట్యమండలి వీధికళలను చేపట్టినది. బుర్రకథలో కథకుని కిరుప్రక్కల ఇరువురు వంతలు నిలుతురు. ఒకడు హాస్యము, రెండవవాడు రాజకీయము పలుకును. ఆ కళ షేక్ నాజర్ చేతిలో ప్రజల ఆయుధమైనది. సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు కలిసి 1947లో రచించిన 'మా భూమి' తెలంగాణా రైతు గోడును కోస్తా గ్రామములకు వినిపించెను. ప్రభుత్వము దానిని నిషేధించెను. సుద్దాల హనుమంతు గొల్లసుద్దులకు క్రొత్త కథ నిచ్చెను. బండి యాదగిరి పాట ఊరూర మారుమ్రోగెను.

ఇచ్చట ఒక భేదము గమనింపదగినది. వాగ్నర్‌కు బవేరియా రాజు ఆదరము లభించెను. అతని స్వరరచనలు అచ్చులో భద్రముగ నున్నవి. పల్లె గాయకులకు కళామందిరము లేదు, తెర లేదు. డప్పు, గొంగడి, కల్లము చాలెను. విన్నవారిలో పెక్కురు అక్షర మెరుగనివారు. పాట గొంతునుండి గొంతునకు నడచినది. గొంతు మూగవోయిన నాడు పాటయు పోవును.

నేడు ఈ రహదారి వెంబడి నగరము విస్తరించినది. ఆ పల్లెలనుండి వచ్చి స్థిరపడిన కుటుంబములు ఇచ్చట మెండు. తల్లిదండ్రుల నోట విన్న చరణము లొకటి రెండైనను వారి యిండ్లలోని పెద్దలకు జ్ఞప్తియందుండవచ్చును. యువకులు వారి చెంత కూర్చుండి, విని, వ్రాసికొనవలెను. అట్టి కాగితములకై బీరువాలో ఒక అరను కేటాయించుట గ్రంథాలయమునకు తగిన రజతోత్సవ కార్యము.