ఓటు వేశాక కూడా

ఐదేళ్లకోసారి ఓటేసి ఇంటికొస్తే మన పని అయిపోయినట్టేనా? నూట ఇరవై ఏళ్ల కిందట అమెరికాలో ఈ ప్రశ్నను పట్టుకుని వదలని డాక్టరు ఒకాయన ఉన్నారు. పేరు జాన్ రాండాల్ఫ్ హేన్స్. 1887లో లాస్ ఏంజిలిస్ వచ్చి వైద్యం చేశారు, స్థలాల మీద బాగా గడించారు. ఆ డబ్బునూ పలుకుబడినీ ప్రజల హక్కుల కోసం ధారపోశారు. ఆయన పట్టుదల వల్ల 1903లో ఆ నగర చట్టంలోకి మూడు హక్కులు వచ్చాయి: జనమే చట్టం ప్రతిపాదించడం, నచ్చని చట్టాన్ని ఓటుతో ఆపడం, గెలిచినవాణ్ణి మధ్యలోనే దించడం. మరుసటి ఏడాదే ఒక కౌన్సిలర్ పదవి ఊడింది. నగరపాలక ప్రకటనల అచ్చు కాంట్రాక్టును, తక్కువ ధర చెప్పినవాళ్లను కాదని ఎక్కువ అడిగిన పత్రికకు కట్టబెట్టడానికి ఓటేసినందుకు! 1911లో కాలిఫోర్నియా అంతటా ఈ హక్కులు వచ్చాయి.

మన ఏలూరు, తాడేపల్లిగూడెం పల్లెల్లో సర్పంచిని దించే ఓటు లేదు. కానీ గ్రామసభ ఉంది. ఊరి ఓటర్ల జాబితాలో పేరున్న ప్రతివారూ అందులో సభ్యులే. బుట్టాయగూడెం, జీలుగుమిల్లి వంటి ఏజెన్సీ మండలాల్లో 1996 నాటి పెసా (షెడ్యూల్డు ప్రాంతాల పంచాయతీ) చట్టం దానికి మరింత బలమిచ్చింది. అక్కడ పథకాల లబ్ధిదారుల ఎంపిక సభలోనే జరగాలి. 2024 ఆగస్టు 23న మన రాష్ట్రంలోని 13,326 పంచాయతీల్లో ఒకేరోజు సభలు పెట్టారు.

ఈసారి గ్రామసభ దండోరా వినిపిస్తే, కొల్లేటి లంకల్లోని అన్నదమ్ములూ అక్కచెల్లెళ్లూ, చేపల పని ఒక పూట ఆపుకునైనా వెళ్లండి. తీర్మానాల పుస్తకం పైకి చదివించుకోండి. మీ మురుగుకాల్వ మాట, మంచినీళ్ల మాట అందులో రాశారని చూశాకే సంతకం పెట్టండి.