చెరువునకు ఏడవ దోషము



కడప సీమలోని పోరుమామిళ్ల చెరువు శాసనము 1369 నాటిది. చెరువునకు వలయు పండ్రెండు అంగములను, వర్జింపవలసిన ఆరు దోషములను అది పేర్కొన్నది. కట్టకు ఊట పుట్టుట, చౌటినేల మున్నగునవి ఆ దోషములు. నీటిలో చేరు మాలిన్యము వానిలో లేదు. నేడు దానిని ఏడవ దోషముగ చేర్చుకొనవలసియున్నది.

ఈ దోషము ఎట్లు పనిచేయునో కెనడాలోని ఒక చిన్న సరస్సు చూపినది. ఒంటారియో రాష్ట్రమున 226వ సంఖ్యగల సరస్సును 1973లో డేవిడ్ షిండ్లర్ ప్రభృతి శాస్త్రజ్ఞులు నడుమ తెర కట్టి రెండు పాళ్లు చేసిరి. ఒక పాలున కర్బనము, నత్రజని కలిపిరి. రెండవ పాలున వానితోపాటు భాస్వరమును కలిపిరి. కొలది వారములలో భాస్వరము పడిన పాలు పాచితో పచ్చబడెను. అట్టి పాచి చచ్చి క్రుళ్లునపుడు నీటిలోని ప్రాణవాయువు తరుగును, చేపలు చచ్చును. బట్టలుతుకు పొడులలో భాస్వరమును తగ్గింపవలెననుటకు ఈ పరీక్ష గట్టి సాక్ష్యమైనది.

ఆ సరస్సు దూరమైనను అది చెప్పిన నియమము ముదిగుబ్బకును వర్తించును. మద్దిలేటిపైనున్న యోగి వేమన జలాశయమైనను, ఊరి చెరువైనను వానకు ఎదురుచూచునవే. ఎండలకు నీరు ఇగిరినకొలది అందలి భాస్వరము చిక్కబడును. చేలపై చల్లిన డి.ఏ.పి. ఎరువు, పేడ, ఇండ్ల మురుగు వాననీటితో దానిని మోసికొనివచ్చును. కావున ఎరువును పైన చల్లక మట్టిలోనికి దింపి వేయుడు. మురుగుకాలువను చెరువులోనికి మలుపకుడు.

చెరువు ఎండినపుడు పూడికమట్టిని బండ్లతో చేలకు తోలుట మన పెద్దల ఆచారము. ఆ మట్టితోపాటు భాస్వరమును చెరువును వీడి, తిరిగి పైరునకే చేరును.