ఉత్తర్వు చేతికొచ్చాక
(వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



కోర్టులో గెలిచామని మిఠాయిలు పంచి, ఆ కాగితాన్ని బీరువాలో దాచేసినవాళ్లను నేను చాలామందిని చూశాను. కాగితం వచ్చినంత మాత్రాన డబ్బు రాదు. నేను వకీలును కాను, బడిపంతులును. పిల్లల తల్లిదండ్రులు తెచ్చే కాగితాలు చదివిపెడుతూ తెలుసుకున్నదే చెబుతాను.

కోర్టు ఆదేశాన్ని, లేదా కోర్టుకు ఇచ్చిన హామీని ఉద్దేశపూర్వకంగా ఉల్లంఘిస్తే అది సివిల్ ధిక్కారమని 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం చెబుతోంది. ఆరు నెలల వరకు సాధారణ జైలు, లేదా 2,000 రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ విధించవచ్చు. ఇక్కడ 'ఉద్దేశపూర్వకంగా' అన్న మాటే కీలకం. "ఉత్తర్వు నాకు అందలేదు" అని అధికారి అంటే కేసు అక్కడే నీరుగారుతుంది. అందుకే సర్టిఫైడ్ కాపీని అర్జీతో జతచేసి ఇచ్చి, మన నకలు మీద ఆఫీసు ముద్ర, తేదీ వేయించుకోవాలి. పోస్టులో పంపితే రసీదు పారేయకూడదు.

గుంటూరు జిల్లాలో ఏం జరిగిందో చూడండి. పేదల గుడిసెల విషయంలో 2013 డిసెంబరులో హైకోర్టు ఆదేశమిచ్చింది. దాన్ని కాదని 2014 జనవరిలో తహసీల్దారు గుడిసెలు తీయించారు. హైకోర్టు ఆయనకు రెండు నెలల జైలు విధించింది. అప్పీలు మీద 2025 మేలో సుప్రీంకోర్టు జైలుకు బదులు, అప్పటికి డిప్యూటీ కలెక్టరైన ఆయనను మళ్లీ తహసీల్దారుగా దించమని, లక్ష రూపాయల జరిమానా కట్టించమని చెప్పింది. గుడిసెవాళ్లు పట్టు విడవలేదు, సరే. కానీ పదకొండేళ్లు! కూలి మానుకుని అన్నేళ్లు తిరగడం ఎందరికి సాధ్యం?

ఇంకో చిక్కు ఉంది. "చెల్లించండి" అనే ఉత్తర్వు వేరు, "అర్జీని పరిశీలించి నిర్ణయం తీసుకోండి" అనేది వేరు. రెండోదానిలో అధికారి పరిశీలించి తిరస్కరించినా సాధారణంగా ధిక్కారం కాదు, ఆ తిరస్కరణ మీద మళ్లీ కొత్త రిట్ వేయాలి. సగంమంది ఇక్కడే మోసపోయామనుకుంటారు. ఉత్తర్వులోని చివరి పేరా చదివించుకుంటే ఈ తేడా మొదటిరోజే తెలుస్తుంది. సివిల్ కోర్టు డిక్రీకైతే మామూలు దారి అమలు పిటిషన్.

గడువు మాత్రం మరిచిపోకండి. ధిక్కారం జరిగిన నాటి నుంచి ఏడాదిలోపే కోర్టుకు వెళ్లాలి.

మా వీధిలో ఒక వితంతువుకు ఎనిమిది వారాల్లో కుటుంబ పింఛను చెల్లించమని ఉత్తర్వు వచ్చింది. ఆ గడువు దాటి ఏడు నెలలైంది. "పైనుంచి రావాలమ్మా" అంటూ ఆమెను తిప్పుతున్నారు. కేసు వేయడానికి మన సంస్థే సాయం చేసింది, గెలిచాక మన పద్దు మూసేశాం. సర్టిఫైడ్ కాపీకి, పోస్టుకు, హైకోర్టుకు రానుపోను చార్జీలకు, వకీలు ఖర్చులకు ఈ ఏడాది ఒక పద్దు విడిగా తెరవమని దాతలను అడుగుతున్నాను. ఆమెకు ఇంకా ఐదు నెలలే ఉన్నాయి.